చింతాకు మొదలు కనుపాప దాక

సందెవేళ చింతచెట్టు క్రింద నిలిచి తల యెత్తి చూచినవారికి ఒక సంగతి తెలియును. పగలంతయు విప్పుకొనియుండిన చిట్టి ఆకులు జతలు జతలుగా దగ్గరకు వచ్చి ముడుచుకొనును. మన పల్లెలలో దీనిని ఎరుగనివారుండరు. చెట్టు నిద్రపోవుచున్నది, ఇప్పుడు ఆకు కోయరాదని పెద్దలు పిల్లలకు చెప్పుచుందురు.

ఒక గొప్ప శాస్త్రమునకు ఈ చిన్న సంగతియే తొలిపుట. క్రీస్తు పూర్వము నాలుగవ శతాబ్దిలో అలెగ్జాండరు నౌకాదళమునకు చెందిన ఆండ్రోస్థెనీస్ అను నావికుడు పారసీక సింధుశాఖలోని తైలోస్ ద్వీపమును చూచెను. నేటి బహ్రెయినే ఆ ద్వీపము. అచ్చట ఒక చెట్టు రాత్రివేళ ముడుచుకొని, సూర్యోదయముతో విప్పుకొనుట అతడు గమనించెను. చెట్టు నిద్రపోవునని ఆ ద్వీపవాసులును చెప్పిరట. గ్రీకు పండితుడు థియోఫ్రాస్టస్ తన వృక్షగ్రంథములో ఈ వృత్తాంతమును పదిలపరచెను. ఆ చెట్టు చింతయే యని తరువాతి పండితులు తలంచిరి. మన అవ్వలు చెప్పిన మాటయే సముద్రమున కావల రెండువేల మూడువందల యేండ్ల నాడు గ్రంథస్థమైనదన్నమాట.

చెట్టు సూర్యుని చూచి ముడుచుకొనుచున్నదా, లేక సూర్యునితో పనిలేకుండ వేళ నెరిగి ముడుచుకొనుచున్నదా? మనుష్యుని సంగతి యేమి? మన నిద్రయు, మెలకువయు, ఆకలియు, ఉత్సాహమును లోపలి యేర్పాటునుబట్టి నడచుచున్నవా, బయటి వెలుగునుబట్టి నడచుచున్నవా? ఈ ప్రశ్నలకు సమాధానము దొరకుటకు చాల కాలము పట్టినది. ఆ అన్వేషణ చరిత్రలో ఒకే పొరపాటు రెండు మారులు జరిగినది. చిన్నదీపమే గదా యని పండితులు ఉపేక్షించిన దీపమే వారి లెక్కలను తారుమారు చేసినది. నేడు మన యిండ్లలో జరుగుచున్న పొరపాటును అదియే గనుక ఈ చరిత్ర మనము తెలిసికొనదగినది.

1729లో ఫ్రాన్సు దేశమున ద మేరాన్ అను ఖగోళశాస్త్రజ్ఞుడు ఒక చిన్న పరీక్ష చేసెను. అత్తిపత్తి జాతిదని చెప్పబడు ఒక మొక్కను తెచ్చి చీకటిచోట నుంచెను. సూర్యరశ్మి సోకకున్నను ఆ మొక్క పగటివేళ ఆకులు విప్పుచు, రాత్రివేళ ముడుచుచునే యుండెను. ఈ సంగతిని ఆయన స్వయముగా ప్రకటింపలేదు. ఒక మిత్రుడు పారిసులోని శాస్త్రపరిషత్తునకు నివేదించెను. ఆ చిన్న నివేదికలోనే ఒక విలువైన సూచన కలదు. మంచము పట్టిన రోగులు కొందరు పడకమీద నుండియే రాత్రింబవళ్ళ భేదమును పసిగట్టుదురనియు, మొక్కకు గల శక్తియు దానివంటిదే కావచ్చుననియు అందు వ్రాయబడినది. మొక్కను చూచి మనుష్యుని తలంచిన మొదటి మాట యిది.

అయినను ఒక సందేహము మిగిలినది. గదిలోనికి ఏ చిన్న సందునుండియో వెలుగు ప్రవేశించియుండవచ్చును. పగటి వేడియైనను మొక్కకు తెలిసియుండవచ్చును. 1832లో స్విట్జర్లాండు పండితుడు ద కాండోల్ ప్రకటించిన గ్రంథములో ఈ సందేహమునకు చక్కని జవాబు దొరకినది. ఎడతెగని దీపకాంతిలో నుంచిన అత్తిపత్తి ఆకులు 24 గంటల కొకసారి కాక, 22 లేక 23 గంటల కొకసారి విప్పుకొనుచున్నవని ఆయన తెలిపెను. బయటినుండి వచ్చు నేదో సంకేతము ఆకును కదల్చుచున్నచో, అది భూభ్రమణముతో పాటు సరిగా 24 గంటలకే కదలవలెను. ప్రతిదినమును ఒక గంటయో రెండు గంటలో ముందుగా కదలుచున్నదనగా, దాని గడియారము దాని లోపలనే యున్నదని తేలినది. ఆయన మరొకటియు చేసెను. రాత్రివేళ దీపములు వెలిగించి, పగలు చీకటిలో నుంచగా, కొలది దినములకు మొక్క తన వేళలను తలక్రిందులు చేసికొనెను. లోపల గడియారమున్నది; దాని ముల్లును త్రిప్పునది వెలుగు. ఈ రెండు మాటలును అప్పటికే మొక్క విషయమున స్పష్టమైనవి.

ఇక మొదటి పొరపాటు. 1920 దశకమున జర్మనీలోని హాంబర్గు నగరములో రోజ్ స్టాపెల్ అను వృక్షశాస్త్రవేత్రి చిక్కుడుజాతి మొక్కలను చీకటిగదిలో పెంచి వాని ఆకుల కదలికలను పరిశీలించుచుండెను. ఆ ఆకులు ప్రతిరాత్రియు మూడు నాలుగు గంటల వేళ బొత్తిగా వ్రాలిపోవుచుండెను. చీకటిగదిలోని మొక్క కింత ఖచ్చితముగా వేళ ఎట్లు తెలియుచున్నది? గోడలను దాటి వచ్చు అజ్ఞాతశక్తి యేదో కలదని ఆమె ఊహించెను. ఆ శక్తి వాతావరణములోని విద్యుత్తు కావచ్చునేమో యని ఫ్రాంక్‌ఫర్టులో ఎర్విన్ బ్యూనింగ్, కుర్ట్ స్టెర్న్ అను యువకు లిద్దరు పరీక్షకు పూనుకొనిరి. వారికి దొరకిన సమాధానములో అద్భుత మేమియు లేదు. మొక్కలకు నీరు పోయుటకు వచ్చువారు దారి కనబడుటకై మసకగా నుండు ఎఱ్ఱదీపమును పట్టుకొని వచ్చుచుండిరి. ఎఱ్ఱకాంతి మొక్కలపై ప్రభావము చూపదని నాటి నమ్మకము. ఆ దీపమే మొక్కల గడియారమును ప్రతిదినము సరిచేయుచుండెను. హాంబర్గులో ఉదయమునను, ఫ్రాంక్‌ఫర్టులో మధ్యాహ్నము దాటిన తరువాతను నీరు పోయుచుండుటచే రెండు చోట్ల ఆకులు వ్రాలు వేళలును వేరైనవి. ఎఱ్ఱదీపము కూడ లేకుండ, బంగాళాదుంపలు దాచు నేలమాళిగలో పెట్టి చూడగా, ఆ మొక్కల దినము 25.4 గంటలకు సాగినది.

తరువాత 1935 ప్రాంతమున బ్యూనింగ్ భిన్నమైన దినప్రమాణములు గల చిక్కుడు రకములను సంకరము చేసి, సంతతి దినప్రమాణము రెంటికి నడుమ నుండుట చూపెను. గడియారము నేర్చుకొనునది కాదు, తల్లిదండ్రులనుండి సంక్రమించునది. ఈ మాటకు అణుస్థాయిలో ఋజువు 1971లో ప్రారంభమైనది. అమెరికాలో కొనోప్కా, బెంజర్ అనువారు పండ్ల చుట్టు ముసరు చిన్న ఈగలలో, ఒకే జన్యువు మారుటచే దినము 19 గంటలకు కుదించుకొనిపోయిన వానిని, 28 గంటలకు సాగిన వానిని, అసలు దినక్రమమే లేని వానిని కనుగొనిరి. ఆ జన్యువును 1984లో విడదీసి, అది పనిచేయు విధమును వివరించిన హాల్, రోస్‌బాష్, యంగ్ అను ముగ్గురికి 2017లో నోబెల్ బహుమానము లభించినది.

మొక్కలకును ఈగలకును గడియార మున్నది సరియే. మనుష్యుని మాట యేమి? 1938లో చికాగో విశ్వవిద్యాలయాచార్యుడు నథానియెల్ క్లైట్‌మన్, తన విద్యార్థి రిచర్డ్‌సన్‌తో కూడి, కెంటకీ రాష్ట్రమునందలి మామత్ గుహలోనికి దిగి 32 దినములు నివసించెను. అచ్చట సూర్యుడు లేడు. వేడి చలుల మార్పు లేదు. వారు దినమునకు 28 గంటలని యేర్పరచుకొని, ఆ లెక్కప్రకారము దీపము వెలిగించుచు, ఆర్పుచు, పండుకొనుచు, లేచుచుండిరి. పిన్నవాడైన విద్యార్థి శరీరోష్ణము ఒక వారములో ఆ లెక్కకు సర్దుకొనెను. నలుబది మూడేండ్ల గురువుగారి శరీరము మాత్రము మొండిగా 24 గంటల లెక్కనే పట్టుకొనియుండెను.

1962లో మిషెల్ సిఫ్ర్ అను ఇరువది మూడేండ్ల ఫ్రెంచి భూగర్భశాస్త్రజ్ఞుడు ఆల్ప్స్ పర్వతములలోని స్కరాసోన్ గుహలో, మంచుగడ్డ ప్రక్కన, చేతిగడియారము లేకుండ ఒంటరిగా రెండు నెలలు గడపెను. లేచినప్పుడు, తినునప్పుడు, పండుకొనునప్పుడు టెలిఫోనులో పైనున్నవారికి తెలుపుచుండెను. పైవారు మాత్రము అతనికి వేళ చెప్పరాదని నియమము. సెప్టెంబరు 14వ తేదీన అతని లెక్కప్రకారము ఆగస్టు 20 మాత్రమే అయినది. మనస్సు ఇరువదియైదు దినములను పోగొట్టుకొన్నది. కాని పైనున్నవారు వ్రాసికొనిన వేళలను సరిచూడగా, అతని నిద్రామెలకువలు సుమారు ఇరువదినాలుగున్నర గంటల కొకసారి క్రమముగా తిరిగి వచ్చుచునే యుండెను. మనస్సు లెక్క తప్పినను దేహము తప్పలేదు.

ఇంచుమించు ఆ కాలముననే జర్మనీలో యుర్గెన్ ఆషోఫ్, ర్యూట్గర్ వేవర్ అను శాస్త్రజ్ఞులు మరింత పద్ధతిగా పరీక్షలకు పూనుకొనిరి. 1964లో మ్యూనిక్ నగరమునకు సమీపమున ఆండెక్స్ అను చోట భూమిలో ప్రత్యేక గృహమును నిర్మించిరి. వెలుగు, చప్పుడు, గడియారము, వార్త, ఏదియు లోపలికి చేరదు. దాదాపు పాతికేండ్లలో కొన్ని వందలమంది స్వచ్ఛందముగా వచ్చి వారములకొలది అందు నివసించిరి. సగటున వారి దినము 25 గంటలకు సమీపముగా సాగినది. జీవికి వేళ తెలుపు బాహ్యసంకేతమునకు ఆషోఫ్ పెట్టిన జర్మను పేరును మనము కాలదాత యని చెప్పుకొనవచ్చును. మొక్కలకును పక్షులకును వెలుగే ప్రధాన కాలదాత యని ఆయనయే చూపినవాడు.

అట్టి పరిశోధనాలయముననే రెండవ పొరపాటు జరిగినది. వెలుగుచీకట్లను నియమిత వేళలలో మార్చి చూడగా, లోపలివారి దేహములు అంతగా లొంగలేదు. పరిశోధకుల పిలుపుగా నియమిత వేళలకు మ్రోగు గంట మాత్రము కొంత పనిచేసినట్లు కనబడినది. అందుచే మనుష్యుడు తక్కిన జీవులవంటివాడు కాడనియు, అతనికి సూర్యునికంటె సమాజమే ముఖ్యమనియు ఒక అభిప్రాయ మేర్పడినది. అది మన అభిమానమునకు సంతోషకరమైన మాట. కాని ఆ గదులలో పెద్దదీప మారినను, చదువుకొనుటకు పడకప్రక్క చిన్నదీపము వెలిగించుకొను స్వేచ్ఛ వారికి ఉండెను. చీకటి యని లెక్కవేసిన వేళ నిజముగా చీకటి కాదు. హాంబర్గు ఎఱ్ఱదీపము చేసిన పనియే ఆండెక్స్‌లో పడకదీపము చేసినది.

సమాజము కాలదాత కాజాలదని మాత్రము అనరాదు. ఇందుకు మన దేశముననే మంచి సాక్ష్యము దొరకినది. బ్యూనింగ్ వద్ద పనిచేసి వచ్చిన ఎం. కె. చంద్రశేఖరన్ గారు మదురై కామరాజ్ విశ్వవిద్యాలయములో తన సహచరులతో గుహలలోని గబ్బిలములను పరిశీలించిరి. వెలుగు చొరని గుహాంతర్భాగములో పంజరమున బంధించిన గబ్బిలము, స్వేచ్ఛగా నున్న తోటి గబ్బిలములు సాయంకాలము వెలువడుటయు, మరల వచ్చుటయు గ్రహించి, దినమునకు సరిగా 24 గంటల లెక్క నిలుపుకొన్నది. తోటివి లేని గుహలో అదే జాతి గబ్బిలము ఆ లెక్కను నిలుపుకొనలేకపోయినది. 1978లో ప్రకటితమైన పరిశోధన యిది. చంద్రశేఖరన్ గారు మదురైలో మనుష్యులను ఏకాంతమున నుంచి పరీక్షించు గృహమును సైతము నెలకొల్పిరి.

గబ్బిలమునకు తోడు చాలినది. మరి మనుష్యునకు చాలునా? 1977లో లాటన్ మైల్సు, ఆయన సహచరులును అమెరికాలో ప్రకటించిన ఒక రోగి వృత్తాంతము ఈ ప్రశ్నకు జవాబిచ్చినది. అతడు పుట్టుగ్రుడ్డి, ఇరువది యెనిమిదేండ్ల విద్యావంతుడు. నలుగురి నడుమ జీవించుచు, నలుగురి వేళలకే పనిచేయవలసినవాడు. గడియారమును, కబుర్లును, భోజనపు వేళలును అన్నియు అతనికి తెలియును. అయినను అతని దేహము 24.9 గంటల దినమునే పాటించుచుండెను. దినమునకు దాదాపొక గంట చొప్పున వెనుకబడి, కొన్నాళ్ళకు పట్టపగలు నిద్రముంచుకొని వచ్చును, రాత్రి నిద్ర రాదు, మరికొన్నాళ్ళకు తిరిగి లోకముతో కలియును, మరల విడిపోవును. నిద్రకు మందు, మెలకువకు కాఫీ, ఈ రెంటితో అతడు నెట్టుకొని వచ్చుచుండెను. సమాజమే మనుష్యునికి ప్రధాన కాలదాత యైనచో ఈతని కీ యవస్థ పట్టియుండరాదు.

ఇక 1980లో అసలు ముడి విడినది. మెదడు నడుమ నుండు చిన్న గ్రంథి రాత్రివేళ మెలటోనిన్ అను ద్రవ్యమును రక్తములో కలుపును. 1958లో ఆరన్ లెర్నర్ దానిని వేరుచేసెను. చీకటి పడినదని దేహమునకు తెలుపు చాటింపు వంటిది అది. వెలుగు పడినంతనే జంతువులలో అది ఆగిపోవును. మామూలు దీపపు వెలుగునకు మనుష్యులలో అది ఆగినట్లు కనబడకుండుటచే, మనుష్యు డీ నియమమునకు అతీతుడని తలంచుచుండిరి. ఆల్‌ఫ్రెడ్ లూయీ మొదలగువారు అర్ధరాత్రి దాటిన తరువాత కొందరిని లేపి 2,500 లక్సుల వెలుగు చూపగా, మెలటోనిన్ ఇంచుమించు పగటి స్థాయికి పడిపోయినది. లక్సనగా ఒక మీటరు దూరమున నున్న ఒక క్రొవ్వొత్తి ఇచ్చు వెలుగు. ఇంటిలోని దీపము సాధారణముగా నూరు మొదలు మూడు నాలుగు వందల లక్సులకు మించదు. ఆరుబయట మబ్బు పట్టినను వేలకొలది లక్సులుండును. ఎండలో లక్షకు చేరును. పండితులు దీపము ముందు నిలిచి సూర్యునిగూర్చి తీర్పు చెప్పిరి.

ఈ వార్త తెలిసిన పిమ్మట వేవర్ స్వయముగా తన పాత అభిప్రాయమును పరీక్షకు పెట్టెను. ప్రకాశవంతమైన దీపములను వాడి, వెలుగు మనుష్యుని బలముగా లొంగదీయునని 1983లో ఆయనయే ప్రకటించెను. తన సిద్ధాంతమును తానే పడగొట్టిన ఆ పెద్దమనిషి నిజాయితీ ప్రశంసనీయము. 1999లో చార్లెస్ సైస్లర్ మొదలగువారు క్లైట్‌మన్ నాటి 28 గంటల దినమునే మరల చేపట్టి, ఈ మారు మిక్కిలి మసకవెలుగులో పరీక్షించిరి. మనుష్యుని లోగడియారము సగటున 24 గంటల 11 నిమిషములని తేలినది. 25 గంటలన్న పూర్వపు లెక్క లోపలివారు రాత్రి ప్రొద్దుపోవువరకు వెలిగించుకొనిన దీపముల ఫలితము. క్లైట్‌మన్ నూట నాలుగేండ్లు జీవించి, ఆ సంవత్సరముననే కాలధర్మము చెందెను.

మన పూర్వులు ఇరువదినాలుగు నిమిషములను ఒక ఘడియ యనిరి. మన లోగడియారము దినమునకు ఇంచుమించు అరఘడియ వెనుకబడుచున్నది. ఆ అరఘడియను ప్రతిదినము సరిచేయునది వేకువ వెలుగు. తెల్లవారుజామునను ఉదయమునను కంట బడు వెలుగు గడియారమును ముందునకు త్రోయును. సాయంకాలము మొదలు అర్ధరాత్రి వరకు పడు వెలుగు వెనుకకు లాగును. వెలుగెంత యని మాత్రమే కాదు, ఏ వేళ యని కూడ దేహము చూచుచున్నదన్నమాట. ఆ గడియార ముండు తావును 1972లో ఎలుకలపై చేసిన పరిశోధనలలో తెలిసినది. కంటినరములు ఒకదాని నొకటి దాటు చోట, దానికి పైన, ఇరుప్రక్కల రెండు సూక్ష్మకణసమూహములున్నవి. మొత్తము మీద ఇరువది వేల కణములు. ఆ రెంటిని తొలగించినచో ఎలుక రాత్రింబవళ్ళ క్రమమునే కోల్పోవును.

వెలుగు ఆ తావును చేరు దారి కన్నే. కాని చూచు కన్నేనా? ఇచ్చటనే చరిత్రలో మిక్కిలి ఆశ్చర్యకరమైన ఘట్టము వచ్చుచున్నది. 1920 దశకమున హార్వర్డులో చదువుచుండిన క్లైడ్ కీలర్ పుట్టుకతో గ్రుడ్డివైన ఎలుకలను పెంచుచుండెను. చూపునకు ఆధారమైన కణములు వానికి లేవు. అయినను వెలుగు పడగనే వాని కనుపాపలు చిన్నవగుచుండెను. కంటిలో వెలుగు నెరుగు మరొక యేర్పాటు కలదేమో యని అతడు 1927లోనే వ్రాసెను. డెబ్బది యేండ్లవరకు ఆ మాటను పట్టించుకొనిన వారరుదు. నూటయేబది యేండ్లుగా సూక్ష్మదర్శినితో పరిశీలింపబడుచున్న కంటిలో క్రొత్త కణములు మిగిలియుండునా యని అందరి భావము.

1995లో సైస్లర్ మొదలగువారు పూర్తిగా చూపు పోయిన పదునొకండుగురిని పరీక్షించిరి. ప్రకాశవంతమైన వెలుగు పడగా వారిలో ముగ్గురికి మెలటోనిన్ పడిపోయినది. వెలుగున్నదా లేదా యని కూడ చెప్పజాలనివారికి, వారి దేహమునకు మాత్రము వెలుగు తెలిసినది. కండ్లు మూసి పరీక్షింపగా ఆ ఫలితము కనబడలేదు. ఆ ముగ్గురికిని నిద్రబాధ లేదు. 1999లో రస్సెల్ ఫోస్టర్ మొదలగువారు చూపుకణములు రెండు విధములవియు లేని ఎలుకలలో గూడ వెలుగు గడియారమును సరిచేయుచున్నదని నిరూపించిరి. అంతకు ముందు సంవత్సరమే ఇగ్నేషియో ప్రొవెన్సియో కప్పచర్మములో వెలుగు సోకగనే స్పందించు ఒక క్రొత్త ద్రవ్యమును కనుగొని మెలనాప్సిన్ అని పేరిడియుండెను. అదే ద్రవ్యము మనుష్యుని కంటి లోపలి పొరలోను కనబడినది. 2002లో డేవిడ్ బెర్సన్ మొదలగువారు, ఆ ద్రవ్యము గల కణములు తమంత తామే వెలుగును గ్రహించి గడియారపు తావునకు తెలుపునని నిర్ధారించిరి. కంటినుండి మెదడునకు వార్త చేర్చు కణములలో ఇవి బహుస్వల్ప భాగము మాత్రమే. ఇవి బొమ్మలను చూడవు, వెలుగును కొలుచును. అన్నిటికంటె నీలికాంతికి ఎక్కువగా స్పందించును. కనుపాపను చిన్నది చేయుటలో కూడ వీనికి భాగము కలదు. కీలర్ చెప్పినదే నిజమైనది.

ఇది పండితులకు మాత్రమే సంబంధించిన ముచ్చట కాదు. చూపు లేని కన్ను నిరుపయోగమని యెంచి, బాధ పెట్టుచున్నదనియో, అందము కొరకనియో తీసివేయు సందర్భములు వైద్యములో వచ్చును. ఆ కన్ను గడియారమును నడుపుచున్నదేమో యని ఇప్పుడు వైద్యులు ముందుగా విచారింపవలసియున్నది. వెలుగు ఏ దారినను లోపలికి చేరనివారికి సైతము కొంత ఆశ కలిగినది. 2000లో రాబర్ట్ సాక్, లూయీ మొదలగువారు అట్టి ఏడుగురికి నియమిత వేళ మెలటోనిన్ ఇచ్చి చూడగా ఆరుగురి గడియారములు 24 గంటలకు కుదిరినవి. రాత్రి నిద్ర రాదని గ్రుడ్డివారు మొరపెట్టుకొనినప్పుడు అది దిగులనియో, సోమరితనమనియో తీసివేసినవారు పూర్వము కలరు. అది వారి నేరము కాదని నేడు ఋజువైనది.

చూపున్నవారి సంగతియు విచారింతము. 1984లో నార్మన్ రోసెంథాల్ మొదలగువారు, ఉత్తరదేశములలో శీతకాలపు చిన్నపగళ్ళలో కొందరిని ప్రతి యేటను క్రుంగదీయు విషాదమును వర్ణించి, ప్రకాశవంతమైన దీపకాంతి దానికి చికిత్సగా పనిచేయునని తెలిపిరి. మన దేశములో పగటికి కొరత లేదు. మన చిక్కు వేరు. ఎండ సమృద్ధిగా నున్నను పగలంతయు నాలుగు గోడల నడుమ గడపుచున్నాము. రాత్రి పొద్దుపోవువరకు దీపముల క్రిందను, చేతిలోని తెరల యెదుటను కూర్చుండుచున్నాము. 2000లో ప్రకటితమైన మరొక పరిశోధనలో, రాత్రి తొలిజాములలో ఆరున్నర గంటలసేపు పడిన నూరు లక్సుల వెలుగు, 9,000 లక్సుల వెలుగు చేయు పనిలో ఇంచుమించు సగము చేసినది. నూరు లక్సులనగా మామూలు గదిదీపము. అట్టి దీపము సైతము గడియారమును వెనుకకు లాగగలదన్నమాట. చిన్నదీపమే గదా యను మాట మూడవసారి మనయందే అబద్ధమగుచున్నది.

రాత్రిపని చేయువారి కష్టము మరింత లోతైనది. ఆసుపత్రిలో నర్సులు, రైలు నడుపువారు, కర్మాగారముల కార్మికులు, అమెరికా వేళలకు హైదరాబాదులోను విశాఖపట్టణములోను పనిచేయు యువతీయువకులు, వీరందరు లోకము నిద్రించుచుండ మేల్కొని, లోకము మేల్కొనునప్పుడు ఎండలో ఇల్లు చేరుచున్నారు. ఆ ఉదయపు వెలుగే వారి దేహమునకు తెల్లవారినదని చాటుటచే పగటినిద్ర సరిగా పట్టదు. దేహపు గడియారమును కలత పెట్టు పాళీపని కాన్సరునకు బహుశః కారణము కావచ్చునని ప్రపంచ ఆరోగ్య సంస్థకు చెందిన కాన్సరు పరిశోధనా సంస్థ 2007లో వర్గీకరించి, 2019లో రాత్రిపని విషయమున ఆ మాటనే మరల స్థిరపరచెను. ఈ పని మానివేయుడని చెప్పుట సులభము; రాత్రివేళ రోగిని విడిచి నర్సు పోజాలదు. చేయదగినది వేరు. పాళీలను ఊరక మార్చకుండుట, పనిచోట వెలుగు నేర్పుగా అమర్చుట, ఇల్లు చేరువారికి చీకటిగదియు నిశ్శబ్దమును సమకూర్చుట యజమానులకును ఇంటివారికిని సాధ్యమైన పనులే. పగలు నిద్రించు కోడలినో కొడుకునో సోమరి యనకుండుటకు ఖర్చు లేదు.

తక్కినవారికి చేయవలసినది స్వల్పము. ఉదయము కొంతసేపు ఆరుబయట నడచుట; పగలు వీలైనంత వెలుగులో పనిచేయుట; సందె దాటిన పిమ్మట దీపముల తీవ్రత తగ్గించుట; పడకగదిని నిజముగా చీకటిగా నుంచుట. ఇందులో కొనవలసినది ఏదియు లేదు. తొలికోడి కూతకు లేచి, దీపములు పెట్టిన కొలదిసేపటికే పండుకొనిన తరములవారికి ఈ శాస్త్రము తెలియదు. కాని వారి దేహములకు వేళ తెలియును. మనకు శాస్త్రము తెలిసినది. సందెవేళ ఆకు ముడుచుకొను చింతచెట్టునకును మనకును నడుమ నుండిన దూరము, ఈ రెండువందల తొంబది యేండ్ల పరిశోధనలో, కంటి లోపలి పొరయందలి కొలది కణములంత చిన్నదైనది.